దొడ్డిదారి ఎవరిది?

పేపర్లల్ల ఒక మాట ఎప్పుడూ కనబడ్తుంటది: దొడ్డిదారి నియామకాలు. టెంపరరీ పనోళ్ళు పర్మనెంటు గావాలని ధర్నా జేసిన తెల్లారే ఎవరో ఒక పెద్దమనిషి సంపాదకీయం రాస్తడు, ఎవరో ఒక సంఘం నాయకుడు ప్రెస్‌మీటు పెడ్తడు, అందరి నోట్ల ఇదే మాట. కోర్టులు ఇంగ్లీషుల అన్న మాటను మనోళ్ళు తెలుగు జేసుకున్నరు. తెలుగు జేసేటప్పుడు ఈ మాటకు కులం ఉన్నదన్న సంగతి మరిచిండ్రు. లేకుంటె యాదికి పెట్టుకునే జేసిండ్రేమొ.

దొడ్డి అంటె ఏందో మా పోచంపల్లి దిక్కు వచ్చి అడగండ్రి. గొడ్లను కట్టేసే తావు దొడ్డి. చెంబు పట్టుకోని పోయేది గూడ దొడ్డికే. దొర ఇంటికి ముందట పెద్ద దర్వాజ, ఎనుక దొడ్డి దర్వాజ. పెద్ద దర్వాజల నుంచి చుట్టాలొస్తరు, పట్వారి వస్తడు, అయ్యగారొస్తడు. పెండ తీసేటామె, చచ్చిన గొడ్డును గుంజకపోయేటోడు దొడ్డి దర్వాజల నుంచి రావాలె. మాకు ఇంకో దారి ఎప్పుడు పెట్టిండ్రు? ముందటి నుంచి వస్తె కాళ్ళిరగ్గొట్టి, ఎనుక నుంచి రమ్మని పిలిచి, తరతరాలు పని చేయించుకున్నరు. ఇయ్యాల ఆ పనికి జీతం, పింఛను, ఒక పేరు అడిగితె, నువ్వు దొడ్డిదారిన వచ్చినవ్, నీకు హక్కు లేదంటున్నరు.

ఈ మాటకు బలం ఇచ్చింది 2006 ఏప్రిల్ 10 నాటి తీర్పు. కర్ణాటక ప్రభుత్వానికీ ఉమాదేవికీ నడిచిన కేసు. ఐదుగురు జడ్జీల రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. సర్కారు కొలువు అంటె నోటిఫికేషన్ ఉండాలె, అర్హత ఉన్నోళ్ళందరికి పోటీపడే అవకాశం ఉండాలె. అట్ల కాకుండ దినకూలి మీదనో తాత్కాలికంగనో వచ్చినోళ్ళు ఎన్నేండ్లు చేసినా పర్మనెంటు చెయ్యమని అడిగే హక్కు రాదు, హైకోర్టులు అట్లాంటి ఆర్డర్లు ఇయ్యొద్దు. టెంపరరీ అని తెలిసి, కండ్లు తెరుసుకునే ఒప్పుకున్నరు గనుక తర్వాత అడగరాదు.

ఇందుల ఒప్పుకోవల్సింది ఉంది, నేను కాదనను. ఎమ్మెల్యే మనిషనో ఆఫీసరు బామ్మర్దనో ఎంతమంది దొంగచాటుగ సర్కారు కుర్చీల్లకు ఎక్కిండ్రో ఎరుకే. వాళ్ళు ఎక్కినకాడ రోస్టర్ లేదు, రిజర్వేషన్ లేదు. పదహారో అధికరణం పిల్లలకు పాఠం చెప్పేటోన్ని నేను, దాన్ని తక్కువ జేసి మాట్లాడలేను. మా ఇంట్ల డిగ్రీ చదివిన మొదటోన్ని, నోటిఫికేషన్ చూసి, పరీక్ష రాసి, రోస్టర్ల నా వంతు వస్తె పంతులునైన. ముందటి దర్వాజ విలువ నాకు తెల్వదా?

కాని కండ్లు తెరుసుకోని ఒప్పుకున్నరన్న మాట ఉన్నది సూడండ్రి, అది మా సిన్నమ్మకు చెప్పండ్రి.

మా సిన్నమ్మ జిల్లాల ఒక సర్కారు ఆఫీసుల ఊడ్చే పనికి చేరింది. చిన్నాయన సచ్చిపోయిన ఏడాది, 1996ల. పేరు పార్ట్‌టైమ్ స్వీపర్. పొద్దుగాల ఆరింటికి పోయి తాళం తీసి ఊడ్చి, కుండలల్ల నీళ్ళు నింపి, సార్లొచ్చినంక చాయ్ తెచ్చి, కాయిదాలు ఈ టేబుల్ మీదికెల్లి ఆ టేబుల్ మీదికి మోసి, దొడ్లు కడిగి, సందేళ ఆరింటికి మల్ల తాళమేసి వచ్చేది. ఇది పార్ట్‌టైమ్. పదింటికొచ్చి ఐదింటికి పోయెటోళ్ళది ఫుల్‌టైమ్. హాజరు పట్టిల ఆమె పేరు లేదు. జీతం కంటింజెన్సీ పద్దు కింద, 'ఊడ్చిన కూలి' అని ఓచర్ రాసి ఏలిముద్ర ఏపిచ్చుకునేటోళ్ళు. అందర్ల ఆఖరుగ 4,000. 2020ల కరోనా వచ్చినంక ఇంటికాడ ఉండుమన్నరు. మల్ల పోతె పని ఏజెన్సీకి ఇచ్చినం అన్నరు. ఏజెన్సీ పెట్టుకున్నామె గూడ మా వాడామెనే. ఇరవై నాలుగేండ్ల పనికి ఒక్క కాయిదం లేదు.

ఆమె ముందర కండ్లు తెరుసుకోని చూసేటందుకు ఏమున్నది? రెండు దార్లుంటె ఒకటి ఏరుకున్నది అనొచ్చు. ఆఫీసు పొరక కాకుంటె దొర ఇంటి పొరక. గంతే.

ఇగ చట్టం చూద్దాం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌ల 1994ల ఒక చట్టం చేసిండ్రు, 2 నంబరు చట్టం. ఇగ నుంచి దినకూలి మీద, తాత్కాలికంగ సర్కారుల ఎవ్వరిని పెట్టుకోవద్దు, పెట్టుకున్న అధికారికి శిక్ష అని రాసిండ్రు. ఉన్నోళ్ళ సంగతి ఎట్ల అంటె 212 నంబరు జీవో ఇచ్చిండ్రు, 1994 ఏప్రిల్‌ల. 1993 నవంబరు 25 నాటికి ఐదేండ్లు ఆగకుండ పనిచేసి, ఆనాటికి పనిల ఉన్నోళ్ళను ఖాళీలున్నకాడ రెగ్యులర్ చెయ్యాలె. ఎన్‌ఎంఆర్ పనోళ్ళు ఎంతోమంది దాని మీదనే హైకోర్టు మెట్లెక్కిండ్రు. మరి పార్ట్‌టైమోళ్ళు? వాళ్ళకు ఇంకో మూడేండ్లకు, 1997ల, 112 నంబరు జీవో వచ్చింది. అందుల షరతు ఐదేండ్లు కాదు, పదేండ్లు. పార్ట్‌టైమ్ అంటె సగం మనిషి గదా, సగం మనిషికి రెండింతల ఏండ్లు కావాలె. ఊడ్చేటామెను పార్ట్‌టైమ్ అని రాసిందెవరు? ఆమెనా? ఆఫీసరు రాసిండు. ఆయన కలం రాసిన మాటకు ఆమె ఐదేండ్ల జీతం ఎక్కువ కట్టాలె.

మా సిన్నమ్మ ఏ జీవోకు అందదు. చట్టం వచ్చిన రెండేండ్లకు చేరింది గదా. పెట్టుకోవద్దని చట్టం ఉన్నప్పుడు ఆమెను పెట్టుకున్నది ఎవరు? ఆమె చొరబడ్డదా? అధికారి పెట్టుకున్నడు, బిల్లు పాసైంది, ట్రెజరీ పైసలిచ్చింది, ఆడిట్ చూసింది. చట్టం తప్పింది సర్కారు. శిక్ష పడ్డది పొరక పట్టినామెకు. రాష్ట్రంల ఊడ్చే మనిషిని పెట్టుకున్నందుకు జైలుకు పోయిన ఆఫీసరును ఎవరన్న చూసిండ్రా?

'పార్ట్‌టైమ్' అన్న మాట గురించి ఇంకో ముచ్చట. పటేలు పట్వారీలను గూడ సర్కారు కాయిదాలల్ల పార్ట్‌టైమ్ గ్రామాధికారులనే అన్నరు. 1984ల ఎన్టీ రామారావు సర్కారు ఆ కొలువులను రద్దుచేసినప్పుడు చట్టం పేర్ల గూడ ఆ మాటనే. గాని ఆ పార్ట్‌టైమోని చేతుల ఊరి భూమంత ఉండె. ఆయన కింద పనిచేసిన మస్కూరి, నీరడి, కావలికారు, వెట్టి మాదిగ చేతుల ఏముండె? పట్వారీలు పోయినా వీళ్ళు పోలేదు. పేరు మారింది, గ్రామ సేవకులన్నరు, తర్వాత గ్రామ రెవెన్యూ సహాయకులన్నరు, వీఆర్ఏలన్నరు. తెలంగాణల 2022 జులై 25 నుంచి 80 దినాలు సమ్మె చేస్తె, మరుసటేడు 20,555 మందిని క్రమబద్ధీకరిస్తమని, వేరే శాఖలకు పంపుతమని సర్కారు చెప్పింది. నిజాం కాలం నాటి వెట్టికి స్కేలు రావడానికి ఇన్ని తరాలు పట్టింది. అది గూడ ఎలక్షన్ల ఏడాదిల.

గీ ఎలక్షన్ల ఏడాది అన్న మాట కాడ జర ఆగాలె. మా ఊరి పేరుకు ముందట 'భూదాన్' అని ఉంటది. 1951 ఏప్రిల్ 18న వినోబా భావే నడుసుకుంట వచ్చిండు. మావాళ్ళను మీకేం గావాలని అడిగితె 80 ఎకరాల భూమి గావాలన్నరు. వెదిరె రామచంద్రారెడ్డి 100 ఎకరాలిస్తనన్నడు. ప్రపంచమంత పేరైంది. అడిగింది హరిజనవాడ, పేరొచ్చింది దాతకు. పుస్తకాలల్ల వినోబా ఉంటడు, రామచంద్రారెడ్డి ఉంటడు. లేచి నిలబడి ఎకరాల లెక్క చెప్పిన మాదిగ మాల పేర్లు నా సోషల్ పుస్తకంల లేవు. మాకు ఆనాడు కావల్సింది దున్నేటోనికి భూమి అన్న హక్కు. వచ్చింది దానం. దానం తీసుకున్నోడు చెయ్యి కింద పెట్టాలె, జిందగీ అంత దండం పెట్టాలె.

సర్కారు కొలువుల క్రమబద్ధీకరణ గూడ భూదానం లెక్కనే నడుస్తున్నది. 2016 ఫిబ్రవరిల 16 నంబరు జీవో ఇచ్చిండ్రు, 1994 చట్టానికి 10-ఎ అని ఒక సెక్షన్ అతికిచ్చిండ్రు. కేసులు పడ్డయి. ఏడేండ్లకు, 2023 ఏప్రిల్ 30న, కొత్త సెక్రటేరియట్ తెరిచిన దినం, 5,544 మంది కాంట్రాక్టు ఉద్యోగుల ఫైలు మీద ముఖ్యమంత్రి సంతకం పెట్టిండు. సగానికి ఎక్కువ జూనియర్ లెక్చరర్లు. ఫొటోలకు పాలాభిషేకం చేసిండ్రు. 2024 నవంబరుల హైకోర్టు ఆ సెక్షన్ రాజ్యాంగానికి విరుద్ధమని కొట్టేసింది. ఐతే అప్పటికే రెగ్యులరైనోళ్ళను కదిలించొద్దన్నది. అంటె గడపదాటి లోపలికి పోయినోళ్ళు లోపల, బయటున్నోళ్ళు బయట. ఆ 5,544ల పొరక పట్టినోళ్ళు ఎందరని నేను వెతికిన. పేర్ల కంటె ముందు కొలువుల పేర్లే చెప్తయి. కాంట్రాక్టు అన్న జాబితాల ఎక్కాలన్న గూడ ఒక అంతస్తు ఉండాలె. కాంట్రాక్టు కింద ఔట్‌సోర్సింగ్, దాని కింద పార్ట్‌టైమ్, దాని కింద కంటింజెంట్. మనువు నాలుగే చెప్పిండు, ఫైనాన్సు డిపార్టుమెంటు ఇంకో రెండు మెట్లు కట్టింది.

ఇక్కడ నా తమ్ముని వరుసోడు ఒకడు కొట్లాటకొస్తడు. ఎమ్మే బీఎడ్ చదివి నోటిఫికేషన్ల కోసం కండ్లు కాయలు కాసినోడు. "అన్నా, దొడ్డిదారోళ్ళందర్ని పర్మనెంటు చేస్తె మన రోస్టర్ పాయింట్లు ఏమైతయి? నువ్వు లోపలుండి మాట్లాడుతున్నవ్" అంటడు. వాని మాట తీసెయ్యలేం. లెక్చరర్ పోస్టు, ఇంజనీరు పోస్టు నోటిఫికేషన్ లేకుండ నింపి పదేండ్లకు పర్మనెంటు చేస్తె నష్టపోయేది మన పిల్లలే, అక్కడ నేను వాని దిక్కే. కాని తమ్మీ, పొరక కాడ రోస్టర్ తీసి చూడు. ఊడ్చే పనిల, మోరీలు తీసే పనిల, దొడ్లు కడిగే పనిల ఓసీ పాయింటుకు ఎవరొచ్చిండ్రు? అక్కడ మనకు నూటికి నూరు రిజర్వేషన్ ఉన్నది, ఏ జీవో లేకుండనే. ఆమె లోపలికి పోతె నీ కుర్చీ తక్కువ కాదు. నీ కుర్చీని మింగుతున్నది ఏజెన్సీ. ఏజెన్సీ మనుషులను పెట్టుకునేటప్పుడు రోస్టర్ రిజిస్టర్ చూపియ్యమని అడిగెటోడెవడు?

ఉమాదేవి తీర్పుల గూడ ఒక సందు ఉన్నది. మంజూరైన పోస్టుల, అర్హత ఉండి, కోర్టు స్టేల మీద గాకుండ పదేండ్లు పనిచేసినోళ్ళను ఒక్కసారికి రెగ్యులర్ చెయ్యండ్రి, ఆరు నెలలల్ల మొదలువెట్టండ్రి అని సర్కార్లకు చెప్పింది. 2010ల కేసరి కేసుల, అర్హులైన అందరి సంగతి తేల్చేదాక ఆ ఒక్కసారి అనేది అయిపోనట్లే అని మల్ల చెప్పిండ్రు. కాని 'మంజూరైన పోస్టు' అన్నకాడ మావాళ్ళు ఆగిపోతరు. బడి కట్టేటప్పుడు హెడ్‌మాస్టర్ పోస్టు మంజూరైతది, పంతుళ్ళ పోస్టులు మంజూరైతయి. ఊడ్చేటామె పోస్టు మంజూరు కాదు. ఎందుకు? బడికి చెత్త రాదా? పిల్లలు దొడ్డికి పోరా? చెత్త రోజూ పర్మనెంటుగ వస్తది. తీసేటామెనే టెంపరరీ. ఆ పని ఎట్లనో ఒకట్ల అయితదని, వాడ నుంచి ఎవరో ఒకామె వస్తదని, పోస్టు రాసేటోని మనసుల కులం ముందే మంజూరు చేసిపెట్టింది. అందుకే కాయిదం మీద మంజూరు అవసరం పడలేదు.

ఇది నా ఒక్కని అక్కసు గాదు. 2013ల నిహాల్ సింగ్ కేసుల, పంజాబుల బ్యాంకులకు కాపలా కాసిన స్పెషల్ పోలీసు ఆఫీసర్ల కేసుల, జస్టిస్ చలమేశ్వర్ రాసిండు: పోస్టులు ఆకాశంల నుంచి పడయి, సర్కారు సృష్టిస్తెనే అయితయి, ఏండ్ల తరబడి పని చేయించుకోని పోస్టు లేదనడం చెల్లదు అన్నది ఆ తీర్పు సారం. 2009ల మహారాష్ట్ర బస్సు కార్పొరేషన్ మీద గెలిచిన సంఘం పేరు కాస్ట్రైబ్ రాజ్య పరివహన్ కర్మచారి సంఘటన. కులం, తెగ రెండు కలిపి పెట్టుకున్న పేరు. ఒక్కో బస్సు కడిగితె ఇంత అని ఇచ్చేటోళ్ళు వాళ్ళకు. ఉమాదేవి తీర్పు కార్మిక చట్టాల కింద లేబర్ కోర్టుకున్న అధికారాన్ని తీసెయ్యదని సుప్రీంకోర్టుతోటి చెప్పిపిచ్చిండ్రు. బస్సులు కడిగినోళ్ళు తెచ్చిన తీర్పు అది. మన లీడర్లు ఎంతమంది దాని పేరు ఎత్తుతరు?

అంతకు ముందటి మాట ఇంకోటున్నది. 1982ల ఏషియాడ్ కూలీల కేసు. కనీస వేతనం కంటె తక్కువిచ్చి పని చేయించుకుంటె అది 23వ అధికరణం కింద వెట్టిచాకిరే అన్నది సుప్రీంకోర్టు. తెలంగాణ పంచాయతీలల్ల సఫాయి పనోళ్ళకు 2019ల 51 నంబరు జీవో కింద నెలకు 8,500 పెట్టి, ఊడ్చుడు, ట్రాక్టర్ నడుపుడు, కరెంటు పని, నర్సరీల నీళ్ళు పోసుడు, అన్ని ఒక్కనితోటే చేయించుకునే మల్టీపర్పస్ పద్ధతి పెట్టిండ్రు. ఒక్క కూలికి నాలుగు పనులు. మా తాతలు దీన్ని వెట్టి అనేటోళ్ళు. ఇప్పుడు ఇంగ్లీషుల మల్టీపర్పస్ అంటున్నరు. 2021ల ఐక్యరాజ్యసమితి పర్యాటక సంస్థ మా పోచంపల్లిని ఉత్తమ పర్యాటక గ్రామమన్నది. ఇక్కత్ చీరెలు చూసి మురిసిండ్రు. ఆ చీరెల దుకాండ్ల ముందటి బజార్లు తెల్లారకముందే ఎవరు ఊడ్చిండ్రో ఆ కాయిదంల ఉండదు.

2016 అక్టోబరుల జగ్‌జీత్ సింగ్ కేసుల, ఒకే పని చేస్తె టెంపరరీ అయినా రెగ్యులర్ ఉద్యోగి స్కేలుల ఆఖరు మెట్టు జీతమన్న ఇయ్యాలన్నరు. మన దగ్గర 2020 పీఆర్సీల ఆఖరు మూలవేతనం 19,000. ఇది పర్మనెంటు చెయ్యమనే మాట గాదు, సమాన పనికి సమాన జీతమనే మాట. 240 దినాలు పనిచేస్తె పర్మనెంటని మావాడల అందరు నమ్ముతరు. అది నిజం గాదు, నమ్మి మోసపోవద్దు. ఆ 240 దినాలు పారిశ్రామిక వివాదాల చట్టంల నుంచి వచ్చిన లెక్క. నోటీసు, పరిహారం లేకుండ తీసెయ్యొద్దని మాత్రమే ఆ చట్టం చెప్పేది.

ఇగ 2024 డిసెంబరు 20 నాటి జగ్గో కేసు. ఢిల్లీ దిక్కు కేంద్ర జల సంఘం ఆఫీసుల ఊడ్చే ఆడోళ్ళు, తోటపని చేసే ఒకాయన. పార్ట్‌టైమ్ అని రాసుకోని ఏండ్లకేండ్లు పని చేయించుకున్నరు, 2018ల ఒక్క పెట్టున తీసేసిండ్రు. ట్రిబ్యునల్ వినలేదు, హైకోర్టు వినలేదు. సుప్రీంకోర్టు విన్నది. ఊడ్చే పని ఆఫీసున్నన్ని దినాలు ఉండే పని, దాన్ని తర్వాత ఏజెన్సీకి ఇయ్యడమే ఆ పని ఎప్పటికీ ఉండేదనడానికి సాక్ష్యం, ఉమాదేవి తీర్పును అడ్డం పెట్టుకోని వీళ్ళ నోరు కొట్టొద్దు, వెంటనే రెగ్యులర్ చెయ్యండ్రి అన్నది. 2025 ఆగస్టుల ధరమ్ సింగ్ కేసుల, ఉత్తరప్రదేశ్ ఉన్నతవిద్యా సర్వీసుల కమిషన్ పనోళ్ళకు, పోస్టులు లేకుంటె అదనంగ సృష్టించి ఇయ్యమన్నది. పైసలు లేవన్న మాట అన్నింటికి మంత్రం లెక్క వాడొద్దన్నది.

ఈ తీర్పులు చూసి సంబురపడి ఇంట్ల కూసుంటె ఏం గాదు. జగ్గో కేసు జగ్గోకు. మన స్వీపరమ్మకు మన ఆఫీసు కాయిదం గావాలె. సర్కారు రికార్డు సర్కారు చేతులనే ఉంటది, మనకు ఇయ్యదు. గని ఏలిముద్ర ఏసిన ఓచర్ ఉన్నది, కంటింజెంట్ బిల్లు ఉన్నది, క్యాష్‌బుక్కున్నది. 2005 సమాచార హక్కు చట్టం కింద ఒక దరఖాస్తు పెడ్తె నకళ్ళు ఇయ్యాలె. తెల్లకార్డోళ్ళకు ఫీజు గూడ లేదు. ఆ దరఖాస్తు రాసిచ్చేటోళ్ళం ఎవరం? చదువుకున్నోళ్ళం. ముందటి దర్వాజల నుంచి వచ్చి ఎస్సీ ఉద్యోగుల సంఘం క్యాలెండర్ మీద ఫొటోలు ఏసుకునేటోళ్ళం. మన సంఘాల సభలల్ల ప్రమోషన్ల రోస్టర్ గురించి తీర్మానముంటది, ఇంక్రిమెంటు గురించి ఉంటది. సభ అయినంక కుర్చీలు మడతబెట్టి హాలు ఊడ్చే మనిషి గురించి ఉండదు. ఆమె గూడ ఎస్సీ ఉద్యోగే గదా, ఆమెకు మెంబర్‌షిప్ రశీదు ఎందుకియ్యరని నేను అడిగితె, "ఆమె రెగ్యులర్ గాదు గదా మాస్టారూ" అన్నడు ఒక నాయకుడు.

సర్కారును నేను దానం అడుగుత లేను. ప్రతి బడికి, ప్రతి ఆఫీసుకు ఊడ్చే పోస్టును మంజూరు పట్టికల రాయండ్రి, హెడ్‌మాస్టర్ పేరున్న కాయిదంలనే, కింది వరుసలనన్న. ఆఖరు స్కేలు పెట్టండ్రి. ఇన్నేండ్లు చేసినోళ్ళను ఆ పోస్టులల్లకు ముందు తీసుకోండ్రి, వాళ్ళు పోయినంక ఖాళీలకు నోటిఫికేషన్ ఏసి, ఓసీ, బీసీ, ఎస్సీ, ఎస్టీ అందరికి రోస్టర్ పాయింట్లు పెట్టండ్రి. 19,000 మూలవేతనం, పింఛను, సెలవులు వస్తయంటె ఏ కులపోడన్న వస్తడు, నాకు తెలుసు. అప్పుడు ఓసీ పాయింటుల వచ్చిన అబ్బాయి పొరక పట్టి దొడ్డి కడుగుతడా, లేకుంటె సంతకం పెట్టి ఆఫీసుల కూసోని మా వాడామెకు మూడువేలిచ్చి చేయించుకుంటడా, ఆ హాజరు పట్టి గూడ సమాచార హక్కు కింద అడుగుత.